రెండు తాబేళ్ల ఫైనల్

నా చివరి ఉద్యోగం, ఏ జంతువు ఏ జంతువుని కొడితే ఎంత దెబ్బ తగలాలో లెక్క కట్టడం. చేరిన రోజు ఈ మాట చెప్తే మా అత్తగారు కాసేపు నా మొహం చూసి, "గవర్నమెంటుదేనేటే?" అని అడిగారు. కాదన్నాను. "మరైతే ఆ లెక్క ఎవులికి కావాలే?" అన్నారు. ఆ ప్రశ్నకి సరైన జవాబు మా కంపెనీలో కూడా ఎవరి దగ్గరా ఉండేది కాదు.

ఇప్పుడు ఈ పనిలోకి వస్తున్న పిల్లలు మీలో కొందరుంటారు. మీకు మంచి కంప్యూటర్లున్నాయి, పెద్ద పెద్ద కంపెనీలున్నాయి. మాకు విజయనగరంలో ఒక బట్టల దుకాణం మేడమీద రెండు గదులుండేవి. అక్కడ జరిగినదాంట్లో ఒక్క రోజు సంగతి చెప్తాను. నేర్చుకోవడానికి ఏమైనా ఉంటే నేర్చుకోండి. లేకపోతే విని ఊరుకోండి.

రాష్ట్రం విడిపోయిన మరుసటి ఏడాది నేను లెక్కలు చెప్పే ప్రైవేటు స్కూలు మూతపడింది. ఇంకొన్నాళ్లు పని చేసే ఓపిక ఉంది, పని లేదు. అప్పుడు నా దగ్గర పదో తరగతి చదివిన కుర్రాడొకడు వెతుక్కుంటూ మా ఇంటికి వచ్చాడు. బొబ్బిలిలో వాళ్ల నాన్నగారిది ఇనప సామాన్ల కొట్టు. కుర్రాడు ఇంజనీరింగ్ చదివి, కొట్లో కూర్చోనని చెప్పి, ఫోన్లలో ఆడుకునే ఆట ఒకటి తయారు చేస్తున్నాడు.

"మేడమ్, మా ఆటలో నలభై జంతువులున్నాయి. అన్నీ ఒకదాన్నొకటి కొట్టుకుంటాయి. ఎవరు ఎవర్ని ఎంత కొడుతున్నారో మాకే తెలీడం లేదు" అన్నాడు.

"స్కూల్లో ఇన్నేళ్లూ నేను చూసింది అదే కదా" అన్నాను. మర్నాడే చేరిపోయాను.

ఆట తెలియనివారి కోసం రెండు ముక్కలు. ఇద్దరు ఆడతారు. చెరో జంతువుని ఎంచుకుంటారు. ఒకరి తరవాత ఒకరు, వంతులవారీగా కొడతారు. ప్రతి జంతువుకీ ఇంత ప్రాణం అని ఉంటుంది. దెబ్బ తగిలినప్పుడల్లా అది తగ్గుతుంది. ముందు సున్నాకి వచ్చినది ఓడిపోయినట్టు.

ఆ దెబ్బ ఎంత అన్నదే నా ఉద్యోగం. మా కుర్ర యజమాని పట్టుబట్టి పెట్టుకున్న సూత్రం తీసివేత. కొట్టే జంతువు బలంలోంచి కాచుకునే జంతువు కాపుదలని తీసేస్తే మిగిలేది దెబ్బ. నక్క బలం డెబ్భై, జింక కాపుదల నలభై, కాబట్టి నక్క కొడితే ముప్పై. నక్కది నిప్పు జాతి, జింకది ఆకు జాతి కనక ఆ ముప్పై రెట్టింపవుతుంది. అదే నిప్పు వెళ్లి నీటి జాతిని కొడితే సగమే. అప్పుడప్పుడు అదృష్టం కొద్దీ 'మహాదెబ్బ' పడుతుంది, అప్పుడు కొట్టేదాని బలం రెండింతలు. ఇంతే.

ఈ తీసివేత మా ప్రోగ్రామర్ అమ్మాయికి మొదటినుంచీ నచ్చలేదు. ఆమెది కోటబొమ్మాళి, వరి పండించుకునే కుటుంబం. రోజూ రైల్లో వచ్చి రైల్లో వెళ్లేది. మనసులో మాట నోట్లో ఆగే మనిషి కాదు.

"భాగారం పెడదాం మేడమ్. భాగిస్తే ఎంత సిన్న దెబ్బైనా ఎంతో కొంత మిగులుతాది. తీసేస్తే ఏటీ మిగల్దు. మా తాతోళ్ల పొలం భాగాలేసినప్పుడు కూడా మనిషికి ఇంతని మిగిలింది" అనేది.

యజమాని ఒప్పుకునేవాడు కాదు. "ఆడేది ఎనిమిదో క్లాసు పిల్లలు. బస్సులో కూర్చుని మనసులోనే లెక్క కట్టుకోగలగాలి. భాగహారం పెడితే లెక్క మానేసి గుడ్డిగా నొక్కుతారు."

నాకు ఇద్దరు చెప్పిందీ నిజమనే అనిపించేది. లెక్కల టీచరుకి ఇంతకన్నా పనికిమాలిన పరిస్థితి ఇంకోటి లేదు.

నేను చేరిన మొదటి వారంలోనే పిచ్చుక దున్నపోతుని పొడిచింది. పిచ్చుక బలం పది, దున్న కాపుదల యాభై. పదిలోంచి యాభై పోతే మైనస్ నలభై. ప్రాణంలోంచి మైనస్ నలభై తీసెయ్యమంటే కంప్యూటరు బుద్ధిగా నలభై కలిపింది. పిచ్చుక పొడిచినకొద్దీ దున్నపోతు పుష్టిగా తయారైంది.

ప్రోగ్రామర్ అమ్మాయి తెర వంక చూసి, "ఇది యుద్ధం కాదు మేడమ్, వైద్యం" అంది.

అప్పుడు అందరం కూర్చుని ఒక నియమం పెట్టుకున్నాం. లెక్క ఎంత తక్కువొచ్చినా సరే, దెబ్బ కనీసం ఒకటి. అమ్మాయీ ఒప్పుకుంది, యజమానీ ఒప్పుకున్నాడు, నేనూ ఒప్పుకున్నాను. పని అయిపోయిందని టీ తాగాం.

నాలుగో మనిషి బొమ్మలు గీసే అబ్బాయి. యజమానికి చిన్నప్పటి స్నేహితుడు, బొబ్బిలివాడే. పనస కర్రతో వీణలు చెక్కే ఇంట్లో పుట్టాడు. మాటలు తక్కువ. మా ఆటలో నీటి జాతికి ఒక తాబేలు కావాలంటే శ్రీకూర్మం వెళ్లి, గుళ్లో పెంచే తాబేళ్ల పక్కన రోజంతా కూర్చుని వచ్చాడు. తక్కిన జంతువులన్నీ క్షణంలో కొట్టేసి వెనక్కి వస్తాయి. ఇతని తాబేలు కొట్టాలంటే ముందు ఒక కన్ను తెరుస్తుంది. తరవాత మెడ చాపుతుంది. ఎదుటి జంతువుని కింది నుంచి పైకి చూస్తుంది. కొట్టాలా వద్దా అని ఆలోచించినట్టు ఆగుతుంది. అప్పుడు ముక్కుతో చిన్నగా తడుతుంది. మళ్లీ మెడ లోపలికి తీసుకుంటుంది. అంతా కలిసి ఆరు సెకన్లు.

"ఏటిది? కొట్టడానికొచ్చిందా, సుట్టపుసూపుకొచ్చిందా?" అంది ప్రోగ్రామర్ అమ్మాయి.

"తాబేలు అలగే కొడతాది."

"తాబేలు కొట్టడం నువ్వెప్పుడు సూసినావు?"

"నువ్వు సూసినావేటి?"

వాళ్లిద్దరి మధ్యా నెలకోసారి ఇదే గొడవ. ఆరు సెకన్లని రెండు చెయ్యమని ఆమె, చెయ్యనని అతను. ఒక్క సెకను కూడా తగ్గలేదు. ఆ కసి కొద్దీనో ఏమో, ఆమె ఆటలో ఇంకో నియమం పెట్టింది. వంతు వచ్చాక పది సెకన్లలో కొట్టకపోతే ఆ వంతు పోయినట్టే. మా యజమాని ఆట మధ్యలో టీకి వెళ్లిపోతున్నాడు కనక పెట్టానని చెప్పింది. అదీ నిజమే.

తాబేలు అంకెలు నేనే వేశాను. బలం ఇరవై, కాపుదల అరవై, ప్రాణం మూడు వందలు. కొట్టడం రాదు, దెబ్బకి చలించదు. తాబేలంటే అలాగే ఉండాలని అందరం అనుకున్నాం. తక్కిన ముప్పై తొమ్మిది జంతువులతోనూ కొట్టించి చూశాం. తాబేలుని తాబేలుతో కొట్టించి చూడాలని ఎవరికీ తోచలేదు. పులులు, నక్కలు ఉండగా ఇద్దరికి ఇద్దరూ తాబేలునే ఎందుకు ఎంచుకుంటారు?

ఏడాదిన్నర గడిచింది. బొబ్బిలి నుంచి యజమాని తండ్రి కబురు పెట్టారు: వచ్చే దసరా దాకా చూస్తాను, ఆ తరవాత కొట్టుకి వచ్చెయ్యి. అదే సమయంలో ఆటల్ని జనంలోకి తీసుకెళ్లే హైదరాబాదు కంపెనీ ఒకటి, మీ ఆటని జనం ఆడుతుంటే చూస్తామంది. శ్రీకాకుళం దారిలో ఒక ఇంజనీరింగ్ కాలేజీలో పిల్లల ఉత్సవం జరగబోతోంది. అక్కడ పోటీ పెడదామని యజమాని ఏర్పాటు చేశాడు. కంపెనీ తరఫున ఒకాయన వస్తాడు, చూస్తాడు, సాయంత్రం రైలెక్కేలోపు అవునో కాదో చెప్తాడు.

పోటీకి వారం ముందు బొమ్మల అబ్బాయి నన్ను మెట్ల దగ్గర ఆపాడు.

"నాకు హైదరాబాదులో పనొచ్చినాది మేడమ్. పెద్ద కంపెనీ. ఎవులికీ సెప్పకండి, పోటీ అయినాక నానే సెప్తాను."

"ఇక్కడ ఏం తక్కువైంది?" అన్నాను.

"నెల్లాళ్లు గీస్తాను. ఆడేవోడు రెప్పపాటు సూస్తాడు. ఆ పైన పేనమెంత తగ్గిందో అంకె సూస్తాడు. అంకె మీది" అన్నాడు. నిష్ఠూరంగా కాదు, ఉన్న విషయం చెప్పినట్టు.

పోటీ రోజు పొద్దున్న అంతా బాగానే నడిచింది. ఒక బల్ల, దాని మీద ఒక ట్యాబ్, అటూ ఇటూ ఇద్దరు ఆటగాళ్లు. వెనక పెద్ద తెర మీద బొమ్మ. పిల్లలు పులుల్నీ నక్కల్నీ ఎంచుకుని ఒకరినొకరు చితకబాదుకున్నారు. హైదరాబాదు ఆయన ముందు వరసలో కూర్చుని తల ఊపుతున్నాడు. మొదటి సంవత్సరం అమ్మాయి ఒకతె, ఆఖరి సంవత్సరం అబ్బాయి ఒకడు మాత్రం ప్రతి ఆటలోనూ తాబేలునే పట్టుకుని, ఎదుటి దెబ్బలు పెంకు మీద జారిపోతుంటే చెమట పట్టకుండా గెలుచుకుంటూ వచ్చారు. మా బొమ్మల అబ్బాయి మొహం వెలిగిపోయింది. వాళ్లిద్దరూ ఫైనల్‌కి వచ్చేదాకా నాకూ ఏమీ తట్టలేదు.

ఫైనల్‌లో అమ్మాయి తాబేలుని ఎంచుకుంది. అబ్బాయి తాబేలుని ఎంచుకున్నాడు. బొమ్మా బొరుసా వేస్తే మొదటి వంతు అమ్మాయికి వచ్చింది.

తెర మీద తాబేలు కన్ను తెరిచింది, మెడ చాపింది, చూసింది, ఆలోచించింది, తట్టింది. ఒకటి. రెండో తాబేలు కన్ను తెరిచింది, మెడ చాపింది. ఒకటి. మూడో వంతులో తెరంతా ఎర్రగా మారి 'మహాదెబ్బ!' అని పెద్ద అక్షరాలు పడ్డాయి. దాని కింద, ఒకటి. ఇరవైని రెట్టింపు చేస్తే నలభై, నలభైలోంచి అరవై పోదు కదా. హాలంతా ఘొల్లుమంది.

యజమాని నా పక్కకి వచ్చి, "మేడమ్, ఎంతసేపు?" అన్నాడు గొంతు తగ్గించి.

"మూడు వందలు, మూడు వందలు. ఆరు వందల దెబ్బలు. దెబ్బకి ఆరు సెకన్లు. గంట."

"గబగబా నొక్కితేనా?"

"గబగబా నొక్కితేనే గంట."

ఆపేసి ఇద్దరికీ బహుమతి ఇచ్చేద్దామని అతను వేదిక మీదికి వెళ్లాడు. అమ్మాయి తల ఎత్తకుండానే, "ఆపొద్దు సార్. నాను గెలుస్తన్నాను" అంది. అబ్బాయి, "ఓడిపోతాది సార్, ఉండండి" అన్నాడు.

అమ్మాయి చెప్పింది నిజం. ఇద్దరివీ ఒకే ప్రాణం, ఒకే దెబ్బ. మొదటి వంతు ఎవరిదైతే వాళ్లే గెలుస్తారు. ఇందులో ఒక్కటే మినహాయింపు. పది సెకన్ల నియమం. ఆమె ఒక్కసారి ఏమరుపాటుగా ఉండి వంతు పోగొట్టుకుంటే చాలు, గెలుపు అతనిది. ఆ సంగతి అబ్బాయి అప్పటికే కనిపెట్టేశాడు. కనిపెట్టి, మాటలు మొదలుపెట్టాడు.

"నీ ఫోను మోగుతున్నాది సూడు."

"మోగనీ."

"మీ క్లాసోళ్లు అందరూ ఎల్లిపోతన్నారు."

"ఎల్లనీ."

మెల్లగా హాలుకి కూడా విషయం అర్థమైంది. దెబ్బలు చూడ్డం మానేసి ఆమె వేలు చూడసాగారు. కొంతమంది ఆమె వైపు, కొంతమంది అతని వైపు చేరారు. తాబేలు మెడ చాపినప్పుడల్లా రెండు వందల మంది మెడలు చాపుతున్నారు. నేను వెనక్కి తిరిగి చూశాను. బొమ్మల అబ్బాయి గోడకి ఆనుకుని నిలబడ్డాడు. తెర వంక చూడ్డం లేదు. తెరని చూస్తున్న జనాన్ని చూస్తున్నాడు.

సగం ఆట దాటాక కరెంటు పోయింది.

తెర ఆరిపోయింది. జనరేటర్ గది తాళం ఉన్న మనిషి టీకి వెళ్లాడట. బ్యాటరీ మీద ట్యాబ్ మాత్రం నడుస్తోంది, ఇద్దరూ ఆపకుండా నొక్కుతున్నారు. తలుపులు తెరిస్తే పగటి వెలుగు కొంచెం లోపలికి వచ్చింది. "ఎంతయిందీ?" అని వెనక నుంచి అరుపులు. ట్యాబ్‌కి దగ్గరగా ఉన్నదాన్ని నేనే. ఎక్కాలు వల్లె వేయించిన గొంతు ఎక్కడికీ పోలేదు.

"అమ్మాయి తాబేలు నూట ఇరవై. అబ్బాయి తాబేలు నూట పంతొమ్మిది" అని అరిచాను.

"అంకెలు సరే మేడమ్, తాబేలు ఏటి సేస్తన్నాది?" అని ఎవరో అడిగారు.

అప్పుడు బొమ్మల అబ్బాయి గోడ దగ్గర్నుంచి కదిలాడు. ఆఫీసులో రోజుకి పది మాటలు మాట్లాడని మనిషి వేదిక ఎక్కి, అంచున నడుం వంచి నిలబడ్డాడు. ఒక కన్ను తెరిచాడు. మెడ చాపాడు. జనాన్ని కింది నుంచి పైకి చూశాడు. ఆగాడు. ముక్కుతో గాలిని తట్టాడు. వీపు కిందికి తలని లాక్కున్నాడు. సరిగ్గా ఆరు సెకన్లు.

హాలు దద్దరిల్లింది. "రెండో తాబేలేదీ?" అని కేకలు మొదలయ్యాయి.

యజమాని నా వంక చూశాడు. నేను అంకెలు చదవాలి కదా అన్నట్టు ట్యాబ్ చూపించాను. అంతలో ప్రోగ్రామర్ అమ్మాయి చున్నీ నడుముకి బిగించి విసవిసా వేదిక ఎక్కింది. "సరిగ్గా సెయ్యి, నెమ్మదిగా" అన్నాడు అతను, వంగిన చోటి నుంచే. "నాకు సెప్పకు. ఆ ఆరు సెకన్లూ యేడాది నుంచి రోజూ సూస్తన్నాను" అని ఆమె కన్ను మూసుకుంది. తెరిచింది. మెడ చాపింది. తాబేలుకి అంత కోపం ఉంటుందని నాకు అంతకు ముందు తెలీదు.

అలా చాలాసేపు సాగింది. నేను అంకె చెప్తాను, ఒక తాబేలు కొడుతుంది. మళ్లీ అంకె చెప్తాను, రెండో తాబేలు కొడుతుంది. 'మహాదెబ్బ' పడిందని నేను అంటే జనమంతా ఒక్క గొంతుతో "ఒకటీ!" అనేవారు. మధ్యలో హైదరాబాదు ఆయన రైలు టైమైందని లేచి, బ్యాగు తగిలించుకుని వేదిక ముందు నుంచి నడవబోయాడు.

"కూకోండి సార్! తాబేలు అగుపడ్డం నేదు!" అని నాలుగు వరసలు అరిచాయి. ఆయన కూర్చున్నాడు. రైలు వెళ్లిపోయింది.

ఆఖరికి నేను, "అమ్మాయి తాబేలు ఒకటి. అబ్బాయి తాబేలు ఒకటి. వంతు అమ్మాయిది" అన్నాను. అబ్బాయి ఆమె మొహంలోకి చూస్తూ కూర్చున్నాడు. ఆమె వేలు గాల్లో ఆగింది. నొక్కింది.

వేదిక మీద ప్రోగ్రామర్ అమ్మాయి మెడ చాపి, ఆలోచించి, బొమ్మల అబ్బాయి భుజం మీద ఒక్కటి వేసింది. అతను వెల్లకిలా పడిపోయాడు. కరెంటు ఎప్పుడు వచ్చిందో తెలీదు. తెర వెలుగుతూనే ఉంది, దాని వంక ఎవరూ చూడ్డం లేదు. ఓడిన కుర్రాడు లేచి, "నీకేటి, కళ్లు మండవా?" అని ఆ అమ్మాయిని అడిగాడు. "మండుతున్నాయి" అని ఆమె కళ్లు నులుముకుంది.

హైదరాబాదు ఆయన మా యజమానిని పక్కకి పిలిచాడు. నేనూ అక్కడే ఉన్నాను. ఆయన మర్యాదస్తుడు, మాట దాచుకోలేదు.

"చాలా నవ్వుకున్నానండీ, అబద్ధమెందుకు. కానీ కరెంటు ఉన్నప్పటికన్నా పోయాకే బాగుంది. కరెంటు పోతే బాగుండే ఆటని నేను ఎలా అమ్మను?"

ఆయన్ని తరవాతి రైలుకి స్టేషన్‌లో దింపి వచ్చాం.

మర్నాడు యజమాని బొబ్బిలి వెళ్లి తండ్రికి జరిగింది చెప్పాడు. పెద్దాయన అంతా విని, "జనం ఎంతసేపు కూకున్నారు?" అని అడిగారట.

"గంట పైనే."

"మద్దిలో లేసి ఎల్లిపోనేదా?"

"లేదు."

"మన కొట్లో సరుకు కొనడానికొచ్చినోడు పావుగంట కూకోడు. సరే, ఇంకో యేడాది సూడు."

అలా మాకు ఇంకో ఏడాది దొరికింది. వచ్చీ రావడంతోనే యజమాని, "భాగహారం పెట్టెయ్యండి" అన్నాడు. ప్రోగ్రామర్ అమ్మాయి ఎగిరి గంతేస్తుందనుకున్నాను. తల ఊపి పనిలో పడింది. బలాన్ని కాపుదలతో భాగించి, దాన్ని ప్రతి దెబ్బకీ మేం వేసుకున్న 'జోరు' అంకెతో గుణిస్తే, ఎవరు ఎవరిని కొట్టినా దెబ్బ సున్నా కాదు, కొండంతా కాదు. నలభై జంతువుల అంకెలూ నేను మొదటి నుంచి మళ్లీ వేశాను. రెండు తాబేళ్లు కొట్టుకుంటే ఇప్పుడు మూడు నిమిషాల్లో తేలిపోతుంది. తరవాతి వేసవిలో ఆటని మేమే బయటికి తెచ్చాం. గొప్పగా ఆడలేదు, మునిగిపోనూ లేదు. నేను రిటైరయ్యేదాకా నా జీతం వచ్చింది. ఆ కాలేజీ పిల్లలు మాత్రం పాత తాబేలుని తిరిగి ఇవ్వమని చాలాకాలం అడిగారు. లెక్క తప్పని చెప్పాం. తప్పైతే ఏమైందని వాళ్లు అడిగారు. లెక్కల టీచరుని, దానికి నేనేం చెప్పను?

ఆ కొత్త అంకెలు వేస్తున్న రోజుల్లోనే ఒక మధ్యాహ్నం, టీ తాగుతూ ఉండగా బొమ్మల అబ్బాయి తన హైదరాబాదు సంగతి అందరికీ చెప్పాడు. నేను నిజంగా ఆశపడ్డాను, కాలేజీలో అంత జరిగాక మనసు మార్చుకుంటాడని. యజమాని కూడా అదే అన్నాడు, "ఒరే, మొన్న జనాన్ని చూశావు కదరా" అని.

"సూసినాన్రా. అందుకే ఎల్తన్నాను. నా తాబేలుని గంటసేపు సూసినారు. ఇక్కడ ఇంతకన్నా ఏటి జరుగుతాది?"

ప్రోగ్రామర్ అమ్మాయి గ్లాసు కింద పెట్టి, "ఎల్లు. ఎవులొద్దన్నారు" అని కుర్చీని కంప్యూటర్ వైపు తిప్పేసుకుంది. కాసేపు టకటకా ఏదో కొట్టింది. తరవాత ఇటు తిరక్కుండానే అంది.

"ఎల్లేముందు ఆ తాబేలు బొమ్మలన్నీ నా దాంట్లో ఎక్కించి ఎల్లు. నువ్వెల్లినాక ఎవుడో ఒకడొస్తాడు. వచ్చి దాన్ని పరిగెట్టిస్తాడు."

అతను గ్లాసు పట్టుకుని లేచి, ఆమె పక్కకి కుర్చీ లాక్కున్నాడు.